పుని మాట ఎవరిది

సాల చెట్లు పూసే వేళ చేసుకునే సర్హుల్ పండగ వెళ్లి ఇంకా వారం తిరగలేదు. చూరులో దోపిన సాల పువ్వులు వడలిపోయి, గాలి వీచినప్పుడల్లా నాలుగు రేకులు వాకిట్లోకి రాలుతున్నాయి. ఆ వాకిట్లో నులకమంచానికి చెరో చివర కూర్చుని వియ్యపురాళ్లిద్దరూ ఒక చిన్న మాట కోసం కీచులాడుకుంటున్నారు.

మాట పునిది. పునికి రెండేళ్లు నిండి కొన్ని నెలలైంది. పుట్టి నోరు విప్పాక అది పలికిన మాట ఆ ఒక్కటే. "అమ్."

"విన్నావా వదినా?" అంటూ నాయనమ్మ ఎత్వారి చేతిలో చేట పక్కన పెట్టి లేచింది. "నీళ్లు అడుగుతోంది. మా కుడుఖ్ భాషలో నీళ్ల మాట ఎంత నిండుగా పలికిందో చూడు." లోటాతో నీళ్లు ముంచి తెచ్చి పిల్ల నోటికి ఆనించింది. పుని రెండు గుక్కలు తాగి మూతి తుడుచుకుంది.

"లోటా మూతికి ఆనిస్తే దూడైనా తాగుతుంది," అంది ఏటి అవతలి ముండాల ఊరి నుంచి పొద్దున్నే నడిచొచ్చిన అమ్మమ్మ జౌని. "అది నీళ్లనలేదు వదినా. నన్ను చూసి 'నువ్వు' అంది. మా ముండారీలో అమ్ అంటే నువ్వు. నేను కనబడినప్పుడల్లా అంటోంది."

"అమ్మమ్మని పట్టుకుని నువ్వు అంటుందా? మీ ఇళ్లల్లో పెద్దంతరం చిన్నంతరం లేదేంటి?"

"మేం దేవుణ్ణి కూడా అమ్ అనే అంటాం. నాకంటే దేవుడు చిన్నోడా?"

వాకిలి ముందు నుంచి పోతున్న కిరాణా కొట్టు షావుకారు ఆగి, సంతలో అందరూ మాట్లాడుకునే సాద్రీలో నవ్వుతూ అందుకున్నాడు. "మామిడికాయ అడుగుతోందమ్మా పిల్ల. మొన్న నా కొట్టు ముందు బుట్ట చూసి ఇలాగే అంది. ఆమ్ కాదూ అది."

"నీకు అన్నిట్లోనూ బేరమే వినబడుతుంది. పోవయ్యా," అని ఎత్వారి తరిమేసింది. ముగ్గురూ నవ్వుకున్నారు.

నవ్వనిది పుని తల్లి నౌరి ఒక్కతే. గోడ దగ్గర పేడతో అలుకుతూ ఆమె అంతా చూస్తూనే ఉంది. అమ్ అన్నప్పుడు పుని నీళ్ల కుండకేసి చూడలేదు, అమ్మమ్మకేసీ చూడలేదు. మట్టి గీరుకుంటున్న కోడిపెట్టను చూస్తూ అంది. కోడిని ఏ భాషలోనూ అమ్ అనరు. ఆ సంగతి నౌరి ఎవరితోనూ అనలేదు. అంటే ఆ తర్వాతి మాట కూడా అనాలి. ఆ తర్వాతి మాట ఆమె గొంతులో చాలా కాలంగా అడ్డం పడి ఉంది.

తన పిల్లకు చెవులు వినబడటం లేదేమోనని ఆమె భయం.

ఆ భయం ఒక రోజున పుట్టింది కాదు. కిందటి వానాకాలంలో బడి రేకుల కప్పు కింద తలదాచుకున్నప్పుడు వడగళ్లు పడ్డాయి. పిల్లలందరూ చెవులు మూసుకుని కేరింతలు కొట్టారు. పుని మాత్రం మట్టిలో పుల్లతో గీతలు గీసుకుంటూ కూర్చుంది. అది మొదలు నౌరి పిల్లను పరీక్ష పెడుతూనే ఉంది. వెనక నుంచి పిలిచి చూసింది. గిన్నె కింద పడేసి చూసింది. ఒకసారి తిరిగేది, ఒకసారి తిరిగేది కాదు. తిరిగినప్పుడు నీడ చూసి తిరిగిందో, చప్పుడు విని తిరిగిందో తేలేది కాదు. వీపున గుడ్డతో కట్టుకుని పాట పాడితే పుని కూడా ఊఁ ఊఁ అంటూ గొంతు కలిపేది. అప్పుడు నౌరికి తన మీద తనకే సిగ్గేసేది. పాడుతున్న పిల్లకు చెవుడంటగడుతున్నానా అనుకునేది. వీపు నుంచి దింపగానే మళ్లీ మొదలు.

తల్లికి జబ్బు చేస్తే ఎనిమిదో తరగతి మధ్యలో బడి మానేసిన పిల్ల ఆమె. పుస్తకంలో చెవి బొమ్మ ఒకటి ఉండేదని గుర్తు. ఆ పాఠం దాకా ఆమె ఉండలేదు.

ఊళ్లో ఈ సంగతి ఎరిగింది ఆశా కార్యకర్త ఫూల్‌మణి ఒక్కతే. టీకాల రోజున పుని వెనక చిటిక వేసి, నౌరి ముఖం చూసి, పక్కకు పిలిచింది.

"గురువారం గురువారం జిల్లా ఆసుపత్రికి చెవుల డాక్టరమ్మ వస్తుంది. తీసుకెళ్లు. ఈ వయసులో తెలిస్తే మిషనో ఏదో పెడతారంట, మాట నేర్పిస్తారంట. పెద్దయ్యాక వెళితే మిషను పెట్టినా మాట పట్టుకోదంట."

"మా అత్త ఒప్పుకోదక్కా."

"మీ అత్తకు కాదు కదా పరీక్ష."

ఆ సాయంత్రం పొయ్యి దగ్గర నౌరి మొగుడితో మాట కదిపింది. బంధన్ మెత్తని మనిషి. పొలం పని లేనప్పుడు ఇళ్లకు పెంకులు కప్పుతాడు. ఊరంతా చేరి ఆడే అఖ్రాలో ఆటకు మద్దెల అతనే వాయించాలి. మాందర్ అంటారు దాన్ని, మెడకు తగిలించుకుని వాయించే పెద్ద మద్దెల.

"చెవుడా?" అన్నాడు బంధన్. కోపంగా కాదు, నమ్మలేనట్టు. లేచి వెళ్లి మేకుకు వేలాడుతున్న మాందర్ దింపి, గోడ దగ్గర ఆడుకుంటున్న పుని వెనక నిలబడి ఒక్క దెబ్బ వేశాడు. పుని గిరుక్కున తిరిగి, రెండు చేతులూ చాచి నవ్వింది. కాళ్లు ఆడించింది.

"చూశావా? ఇంత బాగా తాళం పట్టే పిల్ల ఊళ్లో లేదు. చెవిటిదైతే ఆడుతుందా?"

ఆ దెబ్బకు తన అరికాళ్ల కింద నేల కూడా అదిరిందని నౌరికి తెలిసింది. అది జవాబని మాత్రం తోచలేదు.

లోపలి నుంచి ఎత్వారి వచ్చింది. అంతా విన్నదే.

"ఏమే, ఎవరెక్కించారు నీకిది? ఆ ఫూల్‌మణేనా?"

"ఒకసారి చూపిస్తే పోయేదేముందత్తా. ఏమీ లేదంటే మనకే మంచిది."

"పోయేది నీ పరువే పిచ్చిదానా. వేరే జాతి పిల్లను తెచ్చుకున్నామని పంచాయతీకి మేకను కోసి, ఊరందరికీ అన్నం పెట్టి, నిన్ను మాలో కలుపుకున్నాం. ముండా కడుపు కాబట్టే పిల్ల అలా పుట్టిందని అనడానికి ఎన్ని నోళ్లు కాచుకుని ఉన్నాయో నీకు తెలీదు. నువ్వే వెళ్లి వాళ్ల నోటికి అందిస్తావా?" ఎత్వారి గొంతు తగ్గించింది. "మాట్లాడే పిల్లను ఆసుపత్రికి మోసుకుపోతే మొద్దుపిల్ల అని పేరు పడుతుంది. రేపు దాని పెళ్లికి అదే అడ్డం. అమ్ అంటోందా లేదా? ఇవాళ నీళ్లు అంది, రేపు అన్నం అంటుంది."

అత్త తనను కాపాడటానికే తిడుతోందని నౌరికి తెలుసు. అందుకే ఎదురు చెప్పడం ఇంకా కష్టమైంది. అయినా వచ్చే గురువారం ఎలాగైనా వెళ్లాలనుకుంది. పుని ఉతికిన గౌను, తన మంచి చీర మడతపెట్టి బియ్యం బుట్ట వెనక దాచుకుంది. పుట్టింటికి వెళుతున్నానని చెప్పి బయలుదేరితే, ఏటి దగ్గర ట్రెక్కర్ జీపు ఎక్కొచ్చు.

బుధవారం నాడు సోమ్రా వచ్చాడు.

సోమ్రా బంధన్ తమ్ముడు. గుంటూరు దగ్గర పెద్ద పెద్ద మేడలు కట్టే పనిలో ఉండి, చెప్పాపెట్టకుండా బ్యాగు భుజాన వేసుకుని దిగాడు. అన్నకు చొక్కా, వదినకు గాజులు, పునికి కీ ఇస్తే నడిచే బాతు తెచ్చాడు. సీసాతో ఎర్రటి పచ్చడి ఒకటి తెచ్చాడు. ఎత్వారి ఒక ముక్క నోట్లో వేసుకుని, కళ్లు తుడుచుకుంటూ లోటా నీళ్లన్నీ తాగేసింది.

"ఇది తిని బతుకుతున్నారా అక్కడి జనం?"

"రోజూ తింటారు ఆయో. ఇది తింటేనే వాళ్లకు మాట పెగులుతుంది." సోమ్రా నవ్వుతూ పునిని ఒళ్లోకి తీసుకున్నాడు. పుని అతని మెడలో గొలుసు పట్టుకుని, ముఖంలోకి చూసి, "అమ్," అంది.

"ఓసి నీ తెలివి. ఇది తెలుగు మాట్లాడుతోందే."

"ఏం మాట?" అన్నాడు బంధన్.

"అమ్మ అంటే అక్కడ తల్లి. మా మేస్త్రీ కొడుకు ఇంత గడ్డం వచ్చాక కూడా దెబ్బ తగిలితే అమ్మా అంటాడు. సిమెంటు బస్తా ఎత్తేటప్పుడు ముసలాళ్లు కూడా అమ్మా అనే మూలుగుతారు." నౌరి వైపు తిరిగాడు. "వదినా, ఇది నిన్నే పిలుస్తోంది."

"మన ఇంట్లోకి తెలుగెలా వచ్చిందిరా, రైలెక్కి వచ్చిందా?" అని ఎత్వారి ఎకసెక్కమాడింది.

"నేను ఫోన్ చేసినప్పుడల్లా వెనక కేకలు వినబడతాయి కదా ఆయో. పట్టేసింది."

అందరూ నవ్వారు. నౌరి చేతిలో గరిటె ఆగిపోయింది.

ఇంతకాలం ఆ మాటను తలా ఒకరు తమదన్నారు. నీళ్లన్నారు, నువ్వన్నారు, మామిడికాయన్నారు. నీదే అని ఆమెతో అన్నవాళ్లు లేరు. ఊళ్లో పిల్లలు తల్లిని పిలిచినట్టు ఆయో అని పుని ఒక్కసారి పిలిస్తే చాలని ఆమె ఎదురు చూసింది. ఊళ్లో పునికంటే చిన్నవాళ్లు తల్లుల కొంగు పట్టుకుని ఆయో ఆయో అంటుంటే చూడలేక తల తిప్పుకునేది. ఇప్పుడు ఎక్కడో చూడని ఊరి, వినని భాషలో తన పిల్ల తనను పిలుస్తూనే ఉందని ఒక మనిషి చెప్పాడు. రైలెక్కి వచ్చిందో, ఫోన్లోంచి వచ్చిందో ఆమెకెందుకు. మాట రావాలంటే చెవిలోంచేగా లోపలికి పోవాలి. అంటే చెవులున్నట్టే.

గురువారం తెల్లవారింది. నౌరి బియ్యం బుట్ట వెనక దాచిన మడతలు తీసి మళ్లీ పెట్టెలో సర్దేసింది.

ఆ తర్వాత కొన్నాళ్లు నౌరికి హాయిగా గడిచాయి. పరీక్షలు పెట్టడం మానేసింది. పుని అమ్ అంటే చాలు, చేతిలో పని వదిలేసి ఎదురుగా వెళ్లి కూర్చుని, "ఆఁ, నేనే, నీ అమ్మనే," అనేది. పుని ఆమె నోటి కేసి చూసి నవ్వేది. అత్తాకోడళ్ల మధ్య కూడా గాలి తేలికపడింది. ఇంకో గురువారం వచ్చి వెళ్లింది. ఆ తర్వాతిదీ వెళ్లింది.

సంతలో ఫూల్‌మణి ఎదురుపడింది.

"ఏం నౌరీ, రాలేదేం? డాక్టరమ్మకు చెప్పి ఉంచాను."

"అక్కర్లేదక్కా. పుని నన్ను పిలుస్తోంది."

"ఏమని?"

"అమ్ అని. మరిది చెప్పాడు. తెలుగులో తల్లిని అలాగే అంటారంట."

ఫూల్‌మణి చేతిలో వంకాయ గంపలో పెట్టేసింది. "నీకు తెలుగొచ్చా?"

"రాదు."

"దానికొచ్చా?"

నౌరి ముఖం ముడుచుకుని కదలబోయింది.

"కోప్పడకు. పిలవడం సంగతి సరే. నువ్వు పలికితే దానికి తెలుస్తోందా? అది చెప్పు."

"అందరి పిల్లల సంగతీ మీకే కావాలి," అని నౌరి విసురుగా ముందుకు నడిచింది. ఇంటికి వచ్చే దారంతా ఫూల్‌మణిని తిట్టుకుంది. పిల్లల్లేని మనిషి, దానికేం తెలుస్తుంది అనుకుంది. అలా అనుకున్నందుకు మళ్లీ బాధపడింది. అయినా ఆ ప్రశ్న మాత్రం ముల్లులా కాల్లో ఉండిపోయింది.

ఇప్పపువ్వు రాలే కాలం వచ్చింది. తెల్లారకముందే ఆడవాళ్లు బుట్టలు తీసుకుని అడవి అంచుకు పోతారు. చెట్టు కింద ఎండుటాకులుంటే రాలిన పువ్వు కనబడదు. అందుకని ముందు రోజే ఆకులు ఊడ్చి, కుప్ప చేసి నిప్పు పెడతారు. నల్లగా కాలిన నేల మీద తెల్లటి పువ్వులు ముత్యాల్లా పడి ఉంటాయి. ఒక్కోసారి కుప్పల్లో నిప్పు తెల్లారినా ఆరదు. బూడిద పైకి చల్లగానే కనబడుతుంది, లోపల ఎర్రగా ఉంటుంది. ఎక్కడ అడుగు వెయ్యకూడదో నడక వచ్చిన ప్రతి పిల్లకూ తల్లి కేక వేసి చెబుతుంది. అలాగే నేర్చుకుంటారు.

నౌరి పునిని వీపు మీద నుంచి దింపి, గుడ్డ పరిచి కూర్చోబెట్టింది. వీపున ఉంటే వంగి పువ్వు ఏరడం కష్టం. చేతికి కీ బాతునిచ్చింది. పక్క చెట్ల కింద ఊరి ఆడవాళ్లున్నారు. ఎవరో మొగుడి గురక గురించి చెబుతుంటే మిగతావాళ్లు పడి పడి నవ్వుతున్నారు. నౌరి ఏరుకుంటూ ఏరుకుంటూ చెట్టు మొదలు చుట్టూ తిరిగి పుని వెనక్కి వచ్చింది.

"అమ్," అంది పుని.

"ఇక్కడే ఉన్నా," అంది నౌరి, తల ఎత్తకుండానే.

"అమ్."

"వెనకే ఉన్నా తల్లీ."

పుని లేచి నిలబడింది. ముందుకు చూసింది, పక్కలకు చూసింది. వెనక్కి చూడలేదు. పెదవులు వణికాయి. "అమ్. అమ్." ఈసారి ఏడుపు కలిసింది. నౌరి నడుం ఎత్తి, బుట్ట దించి నిలబడింది. రెండు బారల దూరంలోనే ఉంది పిల్ల. పిలుస్తోంది. నిజంగానే పిలుస్తోంది. తాను పలుకుతూనే ఉంది. పలుకు మధ్యలో ఎక్కడో పడిపోతోంది.

"పునీ," అంది. మామూలు గొంతుతో.

"పునీ," అంది ఇంకా గట్టిగా.

పుని ఏడుస్తూ ముందుకు నడిచింది. తల్లి అటే పోయిందనుకున్నట్టుంది. దానికి ఎదురుగా నిన్నటి ఆకుల కుప్ప ఉంది. పైన బూడిద, పక్క నుంచి సన్నగా పొగ.

నౌరి అరిచింది. ఆ అరుపుకు చెట్ల కింద వంగిన ఆడవాళ్లంతా ఒక్కసారి లేచి తిరిగారు. అవతల మేకలు కాసేవాడు గుట్ట మీద నుంచి చూశాడు. చెట్టు మీద పిట్టలు లేచిపోయాయి. అడవిలో ఆ అరుపు వినబడనిది పుని ఒక్కదానికే.

నౌరి పరుగెత్తి అందుకునేసరికి ఒక పాదం బూడిదలో పడనే పడింది. మడమ కాలి ఎర్రబడింది. రొమ్ముకు హత్తుకుని, "ఉన్నా, ఉన్నా, ఇక్కడే ఉన్నా," అంటూ ఊపింది. పుని చెంప ఆమె గుండెకు ఆనింది. ఏడుపు కొద్ది కొద్దిగా తగ్గింది. అప్పుడు నౌరికి తెలిసింది. వీపు మీద పాట కలిపిన పిల్ల, మద్దెలకు తిరిగిన పిల్ల ఇలాగే విన్నది. ఒళ్లు తగిలితే వింటుంది. ఒళ్లు వదిలితే దాని చుట్టూ ఎవరూ లేరు.

మూడు గురువారాలు తానే పోగొట్టిందన్నది కూడా అప్పుడే గుర్తొచ్చింది.

కబురు తెలిసి జౌని కూడా ఏరు దాటి వచ్చింది. వాకిట్లో నులకమంచం మీద పుని మడమకు ఎత్వారి కానుగ నూనె రాస్తోంది. సోమ్రా బాతును నడిపించి ఆడిస్తున్నాడు. ఇరుగు పొరుగు నలుగురైదుగురు చేరారు.

"ఆడి ఆడి వచ్చిన నిద్రలో తూలి పడిందిలే," అని ఎత్వారి వచ్చినవాళ్లకు చెబుతోంది. "పిల్లలకు మామూలే."

"తూలిపడలేదత్తా," అంది నౌరి. "నేను పిలిచాను. అది వినలేదు."

"ఇప్పుడవన్నీ ఎందుకే."

"దానికి వినబడదు." ఆ మాట ఆమె అత్తకేసి చూస్తూ కుడుఖ్‌లో అంది. తల్లికేసి తిరిగి ముండారీలో అంది. గుమ్మం దగ్గర నిలబడ్డ ఇరుగుపొరుగుకు అర్థం కావాలని సాద్రీలో కూడా అంది. "నా కడుపు వల్లనే అనుకుంటే అనుకోండి. ముండాది కాబట్టే అనండి. గురువారం నేను పిల్లను తీసుకుని జిల్లా ఆసుపత్రికి పోతున్నాను. ఎవరొచ్చినా రాకున్నా."

జౌని కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. బంధన్ గోడకు వేలాడుతున్న మాందర్ వైపు ఒకసారి చూసి, కళ్లు దించుకున్నాడు. ఎత్వారి నూనె చెయ్యి తన చీరకు తుడుచుకుని, పుని వెనక్కి వెళ్లింది. అక్కడ నిలబడి, కుడుఖ్‌లో, మెల్లగా, ఊళ్లో ఏ పిల్లైనా వినగానే పరుగెత్తుకొచ్చే ముద్దు మాటలతో పిలిచింది. పుని బాతు తోక తిప్పుకుంటోంది. ఎత్వారి గొంతు పెంచింది. పుని బాతు తోక తిప్పుకుంటోంది.

"నీళ్లు అడిగేది కదే," అంది ఎత్వారి. అది ఎవరితో అందో తెలియలేదు.

గురువారం నాడు పునిని తీసుకుని నౌరి, బంధన్, ఎత్వారి ముగ్గురూ కలిసి వెళ్లారు. ఎత్వారి పిలవకుండానే, శుభ్రమైన తెల్లచీర కట్టుకుని, అందరికంటే ముందు ట్రెక్కర్ ఎక్కి కూర్చుంది.

డాక్టరమ్మ చిన్న వయసు మనిషి. పుని చెవులకు గొట్టాలు పెట్టింది, నిద్రపుచ్చి తలకు తీగలు అంటించింది. చాలాసేపు చూసింది. పెద్ద చప్పుళ్లు కొంచెం తెలుస్తాయని, మాటల చప్పుడు లోపలికి చేరదని చెప్పింది. రాజధానిలో పెద్దాసుపత్రికి రాసిస్తానంది. ముందు మిషను పెట్టి చూద్దామంది. ఎవరి కడుపూ కారణం కాదని కూడా, అడగకుండానే అంది. ఆ మాటకు ఎత్వారి తల వంచుకుంది.

"మిషను పెట్టగానే మాట రాదమ్మా. ఇంట్లో మీరే నేర్పాలి. ఎదురుగా కూర్చుని, ముఖం చూపిస్తూ, పగలంతా. ఇంట్లో ఏ భాష మాట్లాడతారు?"

నౌరి బంధన్ వైపు చూసింది. బంధన్ తల్లి వైపు చూశాడు.

"అన్నీ," అన్నాడు చివరికి.

"ఇప్పటికి ఒకటే పెట్టుకోండి. పిల్ల ఒక భాషతో మొదలుపెట్టాలి. మిగతావి దారిన పడ్డాక చూసుకోవచ్చు."

బయట వసారాలో అన్నం మూట విప్పుకుని కూర్చున్నారు.

"సాద్రీ పెట్టుకుందాం," అన్నాడు బంధన్. "ఎవరిదీ కాదు. ఎవరికీ బాధుండదు."

"ఎవరిదీ కాని మాట దానికెందుకురా," అంది ఎత్వారి. కొంచెంసేపు పుని అన్నం మెతుకులు ఏరుకోవడం చూసింది. తర్వాత కోడలి వైపు తిరక్కుండానే అడిగింది. "ఏమే, నన్ను లోలోపల తిట్టుకుంటావు చూడు. అది ఏ మాటలో?"

నౌరి ఉలిక్కిపడింది. "నేనెందుకు తిట్టుకుంటానత్తా."

"నాకు తెలీదనుకోకు. మా అత్తను నేను తిట్టుకోలేదా? చెప్పు."

"ముండారీలో," అంది నౌరి, వినీ వినబడనట్టు.

"అయితే అదే నేర్పు. పగలంతా దానికెదురుగా కూర్చునేదానివి నువ్వు. లోపల నుంచి వచ్చేదే నేర్పాలి, అరువు మాట ఎంతసేపు వస్తుంది." లేచి చెయ్యి కడుక్కుంటూ అంది. "మీ అమ్మ ఇక నన్ను బతకనివ్వదులే. ఏరు దాటి రోజూ వచ్చి కూర్చుంటుంది, గెలిచానని."

బంధన్ నవ్వాడు. నౌరికి నవ్వు రాలేదు. గెలిచినట్టు ఆమెకు ఎక్కడా అనిపించలేదు. ఎంత నేర్పితే ఎంత వస్తుందో డాక్టరమ్మ చెప్పలేదు. అడగడానికి ఆమెకు ధైర్యం చాలలేదు. పోయిన గురువారాల సంగతి మొగుడితో ఎప్పటికైనా చెప్పగలనా అని కూడా అనుకుంది.

తిరుగు ట్రెక్కర్‌లో పుని నాయనమ్మ ఒళ్లోకి పాకింది. మెడలో వెండి కంటె పట్టుకుని లాగి, ఆమె ముఖంలోకి చూసింది. అలా చూస్తే ఎత్వారి ఎప్పుడూ ఒక కుడుఖ్ ముద్దు మాట అంటుంది. పుట్టిన నాటి నుంచీ అదే మాట. ఇప్పుడూ ఆమె పెదవులు అలవాటుగా విచ్చుకున్నాయి. మాట నాలుక దాకా వచ్చింది.

ఎత్వారి నోరు మూసుకుంది.

పుని ఆ పెదవులకేసి చూస్తూ ఎదురుచూస్తోంది. ఎత్వారి తల పక్కకు తిప్పుకుని, కొంగుతో పిల్లకు ఎండ తగలకుండా అడ్డం పెట్టింది. నౌరి అది చూడనట్టు బయటకు, కాలిన నేలల మీదుగా వెనక్కి పోతున్న ఇప్పచెట్ల వైపు ముఖం పెట్టుకుని కూర్చుంది.